సిడ్నీలో ఆరో పెనాల్టీ, ముసఫ్ఫాలో మా రూము

మొన్న మా మేనల్లుడు ఫోన్లో ఏదో ఫుట్‌బాల్ మ్యాచ్ చూస్తూ చూస్తూ సడన్‌గా అడిగేడు, మావయ్యా నువ్వు అన్నాళ్ళు దుబాయ్‌లో ఉన్నావు కదా, అక్కడోళ్ళలో నీకు నచ్చిన ప్లేయర్ ఎవడూ అని. నేనున్నది అబుదాబీ, కానీ మా ఊళ్ళో మస్కట్ వెళ్ళినా దుబాయే అంటారు, అది వదిలేయండి. ఇస్మాయిల్ అహ్మద్ అని చెప్పేను. వాడికి ఒమర్ అబ్దుల్‌రహ్మాన్ తెలుసు, ఆ గుబురు జుట్టాయన. అలీ మబ్‌ఖూత్ కూడా తెలుసు. ఇస్మాయిల్ అహ్మద్ పేరే వినలేదట. "ఎన్ని గోల్స్ కొట్టేడేటి?" అన్నాడు. ఒరే, ఆయన డిఫెండర్‌రా, గోల్స్ ఆపడం ఆయన పని అన్నాను. వాడు ఓహో అని మళ్ళీ ఫోన్లో పడిపోయేడు. నాకు మాత్రం ఆ రాత్రి నిద్ర పట్టలేదు, అందుకే ఇది రాస్తున్నాను.

మాది కవిటి మండలం, ఉద్దానం. కొబ్బరి, జీడి, పనస, మిగతాదంతా ఇసక. మా వీధిలో గల్ఫ్‌కి మనిషిని పంపని ఇల్లు వెతుక్కోవాలి. నేను ఆర్గాన్ వెల్డింగ్ నేర్చుకుని, పైపు వెల్డర్లకి పెట్టే సిక్స్ జీ టెస్టు పాసయ్యి 2012లో వెళ్ళేను, 2020లో వచ్చేసేను. చిన్నప్పుడు కబడ్డీ ఆడేవాణ్ణి, లెఫ్ట్ కార్నర్. కూతకి వెళ్ళినోడికి చప్పట్లు కొడతారు, పట్టినోడిని కూడా అప్పుడప్పుడు మెచ్చుకుంటారు, కానీ వాడు అసలు ఆ మూలకే రాకుండా నిలబడినోడిని ఎవరూ చూడరు. బహుశా అందుకేనేమో ఫుట్‌బాల్ చూడ్డం మొదలెట్టిన దగ్గర్నుంచీ నా కళ్ళు వెనకాల నిలబడే వాళ్ళ మీదే ఉండేవి.

ఇస్మాయిల్ అహ్మద్ ఎమిరేట్స్ వాడు కాదు, మొరాకోలో పుట్టినోడు, 1983లో. పాతికేళ్ళ వయసులో, 2008లో, అల్ ఐన్ అనే ఊరి క్లబ్‌కి వచ్చేడు. అంటే మనలాగే పని కోసం వచ్చేడన్నమాట, కాకపోతే ఆయన పని బంతితో. పొడుగ్గా, గట్టిగా ఉంటాడు, హెడ్డర్‌కి లేస్తే పక్కనోడికి బంతి దొరకదు. తర్వాత ఆ దేశం పాస్‌పోర్టు ఇచ్చింది, నేషనల్ టీమ్‌లోకి తీసుకున్నారు. ఇది నాకు చెప్పింది మా వర్క్‌షాపులో ఫోర్క్‌లిఫ్ట్ నడిపే మొరాకో ఆయన. పని మధ్యలో చాయ్ టైముకి వచ్చీరాని హిందీలో, చేతుల్తో చెప్పేవాడు, "ఇస్మాయిల్ మా వాడు, మా వాడు" అని. అక్కడికి వచ్చే క్లయింట్ ఇన్‌స్పెక్టర్ ఒకాయన ఎమిరేట్స్ మనిషి, చాలా మర్యాదస్తుడు, ఆయనా ఇస్మాయిల్ మా వాడే అనేవాడు. ఇద్దరూ నిజమే చెప్పేరు. నేను ఇది చాలాసార్లు ఆలోచించేను. మాకు అక్కడ పదేళ్ళున్నా ఇరవయ్యేళ్ళున్నా వీసా అయిపోతే ఇంటికే, అది తెలిసే వెళ్తాం. ఆయన మీద నాకు ఈర్ష్య ఎప్పుడూ రాలేదు. బయట్నుంచి వచ్చిన మనిషి ఒకడు, పని బాగా చేస్తే ఊరు ఊరంతా మా వాడు అనుకుందే, అది చూస్తే కడుపు నిండేది అంతే.

ఇప్పుడు ఆ శుక్రవారం గురించి చెప్పాలి. 2015 జనవరి 23. ఆసియా కప్ ఆస్ట్రేలియాలో జరుగుతోంది, క్వార్టర్ ఫైనల్, ఎమిరేట్స్‌కి జపాన్‌తో. జపాన్ అంటే అంతకుముందు 2011లో కప్పు కొట్టిన టీము, అందరూ జపానే అన్నారు. సిడ్నీలో రాత్రి, మాకు మధ్యాహ్నం ఒకటిన్నర. అబుదాబీ పక్కన ముసఫ్ఫాలో మా లేబర్ క్యాంపులో శుక్రవారం అంటే బట్టలుతుక్కోవడం, ఇంటికి ఫోన్లు, వంట. ఆవేళ నా వంతు. ఇంటి దగ్గర్నుంచి తెచ్చిన నెత్తళ్ళు వేయిస్తున్నాను, ఆ వాసనకి పక్క రూము కేరళ వాళ్ళు కూడా తొంగి చూశారు. కంచిలి నుంచి వచ్చిన మా బావ టీవీ ముందు కూర్చుని ఏడో నిమిషంలోనే కేకేసేడు, మబ్‌ఖూత్ గోల్ కొట్టేడని. గరిట పట్టుకునే పరుగెత్తేను.

అక్కడ్నుంచి మిగతా మ్యాచంతా జపాన్ దాడే. ఒకటి పోతే ఒకటి, కార్నర్లు, క్రాసులు, ఒకటా రెండా. ఆపాల్సింది ఇస్మాయిల్ అహ్మద్, ముహన్నద్ సాలెం, వాలిద్ అబ్బాస్ లాంటి డిఫెండర్లే. ఈ వాలిద్ అబ్బాస్‌ది ఇంకో కథ, 2011 ఆసియా కప్‌లో ఇరాక్ మీద ఆఖరి నిమిషాల్లో బంతి ఆయనకే తగిలి సొంత గోల్‌లో పడిపోయింది, ఎమిరేట్స్ 0-1తో ఓడిపోయింది. అలాంటి దెబ్బ తిని నాలుగేళ్ళ తర్వాత అదే టోర్నీలో మళ్ళీ అదే చోట నిలబడ్డం ఎంత కష్టమో నేను ఊహించుకోగలను. 81వ నిమిషంలో షిబసాకి సమం చేసేడు. ఎక్స్‌ట్రా టైము అయిపోయింది, 1-1. నెత్తళ్ళు మాడిపోయాయి, ఎవరూ అడగలేదు.

పెనాల్టీలు. మొదటిది జపాన్‌ది, హోండా కొట్టేడు, బార్ పైనుంచి పోయింది. తర్వాత ఒమర్ వచ్చి గోల్‌కీపర్ ఒక పక్కకి పడుతుంటే బంతిని అలా మెల్లగా మధ్యలోకి తేల్చేడు, మా రూములో అరుపులకి పై కప్పు రేకు అదిరింది. కానీ తర్వాత ఎమిరేట్స్‌కే ఆడే ఖమీస్ ఇస్మాయిల్ అనే ఇంకొకాయన మిస్ చేసేడు. అయిదూ అయిదూ అయిపోయేసరికి 4-4. ఆరోది జపాన్ తరఫున కగావా, పేరున్న ప్లేయర్, మాంచెస్టర్ యునైటెడ్‌కి ఆడొచ్చినోడు. బంతి పోస్టుకి కొట్టుకుని పోయింది. ఇప్పుడు ఎమిరేట్స్ ఆరోది కొడితే గెలుపు. ఎవరొస్తారా అని చూస్తే మధ్యలోంచి నడుచుకుంటూ ఇస్మాయిల్ అహ్మద్ వచ్చేడు.

ఆ నడక నాకు ఇప్పటికీ కళ్ళ ముందుంది. సగం గ్రౌండ్ నుంచి పెనాల్టీ చుక్క దాకా. జపాన్ వాళ్ళని ఆపి ఆపి అలసిపోయిన మనిషి, గోల్ కొట్టడం తన పనే కాని మనిషి. మా రూములో పదిహేను మందిమి, ఒక్కడు కూడా నోరు తెరవలేదు. బావ మెల్లగా "ఏటవుతాదో" అన్నాడు. ఇస్మాయిల్ కొట్టేడు, లోపలికి వెళ్ళింది, 5-4. ఫోర్క్‌లిఫ్ట్ మొరాకో ఆయన రూము మా వరండాలోనే, తలుపు తోసుకుని వచ్చి నన్ను ఎత్తేసుకున్నాడు, కళ్ళల్లో నీళ్ళు. మళ్ళీ 1996 తర్వాత ఎమిరేట్స్ ఆసియా కప్ సెమీస్‌కి వెళ్ళడం అదే. సిడ్నీ అనగానే మా జిల్లా వాళ్ళకి ఇంకోటి గుర్తొస్తుంది కదా, 2000లో మన ఆమదాలవలస కరణం మల్లీశ్వరి గారు 240 కిలోలు ఎత్తి కాంస్యం తెచ్చింది అక్కడే. ఆవేళ నేను బావతో అన్నాను, సిడ్నీ మనకి అచ్చొచ్చిన ఊరు బావా అని.

సెమీస్‌లో ఆస్ట్రేలియా చేతిలో 0-2, మొదటి పావుగంటలోనే రెండూ పడిపోయాయి. మూడో స్థానం మ్యాచ్‌లో ఇరాక్ మీద 3-2 గెలిచేరు. కంచు పతకం, చాలు.

మా పనిలో ఒకటుంది. ప్రతి వెల్డర్‌కీ ఒక స్టాంప్ నంబరు ఇస్తారు, జాయింటు పక్కన అది రాయాలి. తర్వాత ఎక్స్‌రే తీస్తారు. జాయింటు బాగుంటే ఆ ఫిల్ము ఫైల్లో పడిపోతుంది, నంబరు ఎవడిదీ అని ఎవడూ అడగడు. జాయింటు అడుగున, రూట్‌లో, చిన్న గాలి బుడగ కనబడిందా, రిపేరు అని వస్తుంది, అప్పుడు మొత్తం షాపుకి నీ నంబరు తెలుస్తుంది. నేను నెలలకి నెలలు ఒక్క రిపేరు లేకుండా కొట్టిన రోజులున్నాయి, ఫోర్‌మ్యాన్‌కి నా పేరు సరిగ్గా తెలీదు. ఒక్కసారి రెండు రిపేర్లు వచ్చేసరికి తెల్సింది. ఇస్మాయిల్ అహ్మద్‌ని చూసినప్పుడల్లా నాకు ఇదే గుర్తొచ్చేది. ఆయన ఉన్నప్పుడు అల్ ఐన్ నాలుగు లీగులు గెలిచింది, 2012, 2013, 2015, 2018, ఆ నాలుగిట్లో ఆయన ఆపినవి ఎన్నో లెక్క ఎక్కడా ఉండదు.

2018 నాకు చాలా చెడ్డ సంవత్సరం. అక్టోబర్ 11 తెల్లారుజామున తిత్లీ తుఫాను మా మీద పడింది. అప్పటికి నేను అల్ ఐన్ దగ్గర ఒక పైప్‌లైన్ పనిలో ఉన్నాను. ఫోన్లు కలవలేదు. నాలుగో రోజు అమ్మ గొంతు విన్నాను, మనుషులం బాగున్నాం, చెట్లు లేవురా అంది. ఇంటి వెనక మా నాన్న వేసిన కొబ్బరి చెట్లు 22, మూడు మిగిలాయి. జీడితోట వేళ్ళతో సహా తిరగబడిపోయింది. సెలవు అడిగితే కంపెనీ ఇవ్వలేదు. ఇచ్చినా నేను వెళ్ళి చెయ్యగలిగింది ఏముంది, డబ్బు పంపడమే మేలు అని నాకు నేనే చెప్పుకుని ఓవర్‌టైములు చేసేను.

ఆ డిసెంబర్‌లో క్లబ్ వరల్డ్ కప్ అక్కడే జరిగింది. మొదటి మ్యాచ్‌లో న్యూజిలాండ్ టీము మీద అల్ ఐన్ 0-3 నుంచి లేచి 3-3 చేసి పెనాల్టీలతో గెలిచింది. తర్వాత ట్యునీషియా టీము ఎస్పెరాన్స్‌ని 3-0. 18వ తారీఖు సెమీస్, రివర్ ప్లేట్‌తో, అర్జెంటీనా వాళ్ళు, తొమ్మిది రోజుల ముందే దక్షిణ అమెరికా కప్పు గెలిచి వచ్చినోళ్ళు. మాతో పనిచేసే ఒకాయన దగ్గర టికెట్టు మిగిలితే నాకిచ్చేడు. హజ్జా బిన్ జాయెద్ స్టేడియం. నేను జీవితంలో స్టేడియంలో కూర్చుని చూసిన మొదటి ఫుట్‌బాల్ మ్యాచ్ అది.

టీవీలో బంతి ఎటు పోతే కెమెరా అటు పోతుంది. అక్కడ కూర్చుంటే నాకిష్టమైనోడిని నేను చూసుకోవచ్చు. బంతి అవతల గోల్ దగ్గర ఉన్నప్పుడు కూడా ఇస్మాయిల్ ఊరికే నిలబడలేదు, రెండడుగులు ముందుకి, ఒకడుగు పక్కకి, చెయ్యి చాపి పక్కనోడిని ఇటు రా అని, వెనక్కి తిరిగి కీపర్‌ని చూసుకుని, మళ్ళీ రెండడుగులు. మా నాన్న తోటలో కాపలా తిరిగినట్టు. మూడో నిమిషంలోనే అల్ ఐన్ గోల్, వెంటనే 11, 16 నిమిషాల్లో రివర్ ప్లేట్ బోర్రే రెండు కొట్టి తిప్పేసేడు, 51లో అల్ ఐన్ కైయో సమం చేసేడు. రివర్ ప్లేట్ మార్టినెజ్ పెనాల్టీ బార్‌కి తగిలి తిరిగొచ్చింది. మళ్ళీ ఎక్స్‌ట్రా టైము, మళ్ళీ పెనాల్టీలు, ఆఖర్న ఎంజో పెరెజ్‌ది కీపర్ ఖాలిద్ ఈసా ఆపేసేడు. 5-4. పక్కన కూర్చున్న ముసలాయన ఎవరో నా తల పట్టుకుని ముద్దు పెట్టేడు. రెండు నెలల్లో నేను నవ్వింది ఆ రాత్రే. ఫైనల్లో రియల్ మాడ్రిడ్ 4-1తో గెలిచింది, ఆ మాట వేరు, అల్ ఐన్ వాళ్ళు అంత దాకా వస్తారని ఎవరనుకున్నారు.

తర్వాత నెల ఆసియా కప్ ఎమిరేట్స్‌లోనే. జనవరి 10న ఇండియాతో మ్యాచ్, ఆవేళ మాత్రం నేను మనవైపే, 0-2తో ఓడిపోయాం, రెండుసార్లు బార్ అడ్డం పడింది. జనవరి 29న సెమీస్, ఖతర్‌తో. అప్పటికి ఏడాదిన్నరగా రెండు దేశాలకీ రాకపోకలు లేవు. మా బామ్మర్ది దోహాలో స్కఫోల్డింగ్ పనిలో ఉండేవాడు, పక్కపక్కన ఉండి కూడా కలవాలంటే ఇద్దరం ఇంటికి, మన ఊరికి రావాలి. అబుదాబీ స్టేడియంలో ఆ రాత్రి జనం బాటిళ్ళు, చెప్పులు విసిరేరు. 0-4. ఆఖరి నిమిషాల్లో ఖతర్ ఆటగాడికి మోచెయ్యి తగిలించినందుకు వీఏఆర్, అంటే వీడియో రీప్లే, చూసి ఇస్మాయిల్ అహ్మద్‌కి రెడ్ కార్డు ఇచ్చేరు.

నాకు చాలా బాధేసింది. తప్పు తప్పే, మోచెయ్యి ఎత్తకూడదు, దాన్ని నేను వెనకేసుకు రాను. 35 ఏళ్ళ మనిషి, సొంత గడ్డ మీద, నాలుగు గోల్స్ పడి, తల దించుకుని బయటికి వెళ్తుంటే బామ్మర్ది దగ్గర్నుంచి వాట్సాప్‌లో గెలిచాం అని మెసేజ్. నేను జవాబివ్వలేదు. మర్నాడు షాపులో అందరూ ఆ రెడ్ కార్డు గురించే. నాలుగేళ్ళ కిందటి ఆరో పెనాల్టీ ఒక్కడూ ఎత్తలేదు, మొరాకో ఆయన కూడా అప్పటికి ఊరెళ్ళిపోయేడు.

2024లో అల్ ఐన్ ఆసియా ఛాంపియన్స్ లీగ్ గెలిచింది, యోకోహామా మీద సొంత స్టేడియంలో 5-1. 2016లో ఫైనల్ దాకా వెళ్ళి కొరియా టీము జియోన్‌బుక్ చేతిలో పోగొట్టుకున్న కప్పు. ఆ ఓడిన జట్టులో ఇస్మాయిల్ ఉన్నాడు, గెలిచే నాటికి ఆయన ఆట మానేసేడు. నేను ఇక్కడ మా ఇంటి అరుగు మీద కూర్చుని ఫోన్లో చూసేను, ఎదురుగా తిత్లీ తర్వాత వేసిన మొక్కలు అప్పుడప్పుడే గెలలు వేస్తున్నాయి.

మొన్న రాత్రి నిద్ర పట్టక లేచి ఆ సిడ్నీ పెనాల్టీల వీడియో వెతికేను. తెల్లారి మేనల్లుడికి చూపించేను. హోండా, ఒమర్, కగావా, అందర్నీ వాడు గుర్తుపట్టేడు. ఆఖర్న ఇస్మాయిల్ కొట్టేక "డిఫెండర్‌ని పంపేరేటి మావయ్యా, ఇంకెవుళూ లేరా?" అన్నాడు. ఆయన వస్తానన్నాడేమోరా, నాకు తెలీదు, నడక చూసేవా అన్నాను. చూడలేదన్నాడు, మళ్ళీ పెట్టమన్నాడు. వెనక్కి జరిపి, సగం గ్రౌండ్ నుంచి పెట్టేను.