తక్‌పట్టీలు రాసిన చేత్తోనే

వరంగల్ ఎనుమాముల మార్కెట్‌లో ఒక అడ్తి దుకాణంలో, అంటే రైతుల సరుకు కమీషన్ మీద అమ్మిపెట్టే దుకాణంలో, పదకొండేళ్లు గుమస్తాగా చేశాను. పొద్దున జెండా పాట, అంటే ధర తేల్చే వేలం, అయ్యాక ఏ రైతు పత్తికి ఎంత ధర పడింది, ఎన్ని బస్తాలు, హమాలీ ఎంత, తూకం వేసే దడువాయి చార్జీ ఎంత అని లెక్కగట్టి తక్‌పట్టీ, అంటే ఆ లెక్కల చీటీ, రాసివ్వడం నా పని. నాటకాల పిచ్చి చిన్నప్పటిదే. డిగ్రీ అయ్యేసరికి బాపుకు ఆరోగ్యం బాగాలేదు, ఇల్లు గడవాలి. దొరికిన పనిలో చేరిపోయాను.

ముప్పై మూడో ఏట హన్మకొండలో ఒక నాటక బృందంలో చేరాను. మొదటి రెండు నెలలు వేషం లేదు. ఎవరైనా రాకపోతే వాళ్ల డైలాగులు చదవమనేవారు. అలా చదివీ చదివీ నాటకం మొత్తం నోటికొచ్చింది.

నాకు అసలు ఇబ్బంది గొంతుతోనే. స్టేజీ ఎక్కగానే లేని గంభీరం వచ్చి కూర్చునేది. ఒకరోజు రైతు వేషం వేస్తుంటే దర్శకుడు సార్ ఆపి, "నువ్వు పొద్దంత మార్కెట్లనే ఉంటవ్ గదా. తక్‌పట్టీ చేతికిస్తే రైతు ఏం జేస్తడు?" అని అడిగారు.

గుర్తు తెచ్చుకున్నాను. ముందు ఏమీ అనడు. కాగితం దూరంగా పట్టుకుని చూస్తాడు, చదువు రాకున్నా చూస్తాడు. కింద ఉన్న చివరి అంకె మీద బొటనవేలు ఆనిస్తాడు. నాలుగు మడతలు పెట్టి చొక్కా లోపలి జేబులో దాచుకుంటూ "ఇంతేనా సేటూ" అంటాడు. అది అడిగినట్టు కూడా ఉండదు. అలాగే చేశాను. సార్ చాలాసేపు మాట్లాడలేదు. పదకొండేళ్లు వృథా అయ్యాయని అప్పటిదాకా లోలోపల ఏడ్చేవాణ్ని. ఆ రాత్రి సంతోషంతో నిద్ర పట్టలేదు.

తర్వాత సినిమా ఆడిషన్లు. శని, ఆదివారాలు మార్కెట్‌కు సెలవు కాబట్టి కాజీపేటలో రైలెక్కి, సుమారు 130 కిలోమీటర్లు వెళ్లి సికింద్రాబాద్‌లో దిగి, సినిమావాళ్లుండే కృష్ణానగర్ చేరేవాణ్ని. ఒక కోఆర్డినేటర్ వేషం ఖాయమన్నాడు, ఆర్టిస్ట్ కార్డు చేయించాలని ఎనిమిది వేలు తీసుకున్నాడు, మళ్లీ ఫోన్ ఎత్తలేదు. అది మా ఆవిడ చిట్టీ ఎత్తిన డబ్బు. తలుచుకుంటే ఇప్పటికీ కడుపు మండుతుంది. వేషం కోసం ఎవరు డబ్బు అడిగినా అక్కడే లేచి వచ్చేయండి.

ఇప్పుడు చాలామంది మొదట వీడియోనే పంపమంటున్నారు. ఫోన్ అడ్డంగా పెట్టి, కిటికీ వెలుతురు ముఖం మీద పడేలా, ఖాళీ గోడ ముందు నిలబడి పేరు, వయసు, ఎత్తు చెప్పాలి. రెండు పక్కలకూ తిరిగి చూపించాలి. ఎదుటి పాత్ర మాటలు మా ఆవిడే చదువుతుంది. అలా పంపిన వీడియోతోనే నాకు మొదటి వేషం వచ్చింది. రెండు డైలాగులు, ఒక రోజు షూటింగ్.

రాయడం మాత్రం దుకాణంలోనే మొదలైంది, పాడైపోయిన తక్‌పట్టీల వెనక. మొదటి నాటిక అవ్వకు చదివి వినిపిస్తే "గిట్ల ఎవరు మాట్లాడుతరు బిడ్డా?" అంది. నిజమే, అంతా పుస్తకాల భాష. కాళోజీ పుట్టినరోజైన సెప్టెంబర్ 9ని తెలంగాణ భాషా దినోత్సవంగా జరుపుకునే ఊళ్లో ఉండి అలా రాశాను. మొత్తం చింపేసి, ప్రతి మాటా పైకి అనుకుంటూ మళ్లీ రాశాను. నాలుగు నెలలు పట్టింది.

పత్తి సీజన్‌లో ఇంకా దుకాణానికి వెళ్తున్నాను, మిగతా రోజులు నటనకూ రాతకూ. ఆ నాటిక హన్మకొండలో వేసినప్పుడు మార్కెట్ హమాలీలు ఆరుగురు వచ్చారు. అయిపోయాక వాళ్లలో పెద్దాయన నా చెయ్యి పట్టుకుని, "అంత మంచిగున్నది బిడ్డా. గని బస్తాలు తూకం ఏసేటప్పుడు రైతు కూసోడు. నిలవడి కాంటా దిక్కే చూస్తడు" అన్నాడు.

మర్నాడే ఆ సీన్‌లోంచి కుర్చీ తీసేశాను.