నాన్న స్క్రీన్ మీద ఒత్తులు

ఆదివారం, రాత్రి పదిన్నర.

పొద్దున కాఫీ తాగుతుంటే నాన్న పిలిచారు. "ఒరేయ్, ఇందులో త ఒత్తేదో థ ఒత్తేదో తెలియట్లేదు, ఒకసారి చూడు." రెండు నెలలుగా ఆయన తాతయ్య నోటుపుస్తకాన్ని టైపు చేస్తున్నారు. నిన్న నేనే ఆయన కంప్యూటర్‌లో పాత హార్డ్ డిస్క్ తీసి, దానికంటే వేగంగా పనిచేసే ఎస్‌ఎస్‌డీ పెట్టి, విండోస్ 10 మళ్లీ వేశాను. ఆన్ అయింది కదా అని పని అయిపోయిందనుకున్నాను.

వెళ్లి చూస్తే అక్షరాలన్నీ అడ్డంగా సాగిపోయి ఉన్నాయి. నాన్న డెస్క్‌టాప్ మీద పెట్టుకున్న అమ్మ ఫోటోలో గుండ్రటి బొట్టు కోలగా అయిపోయింది. అది చూసి మనసు చివుక్కుమంది. మానిటరేమో 1920x1080, సెట్టింగ్స్‌లో 1024x768 దాటి పోనివ్వడం లేదు.

కంప్యూటర్‌లోని భాగాల జాబితా చూపించే డివైస్ మేనేజర్‌లో మైక్రోసాఫ్ట్ బేసిక్ డిస్‌ప్లే అడాప్టర్ అని ఉంది. గ్రాఫిక్స్‌ని నడిపే సాఫ్ట్‌వేర్, అంటే అసలు డ్రైవర్, లేనప్పుడు స్క్రీన్ మీద ఏదో ఒకటి కనపడాలని విండోస్ పెట్టుకునే ఏర్పాటు అది. వీడియో భారమంతా ప్రాసెసర్ మీదే పడుతుంది. నిన్న రాత్రి వీడియో పాటలు ఆగి ఆగి వచ్చింది అందుకేనన్నమాట.

ఏ గ్రాఫిక్స్ చిప్ ఉందో గుర్తు లేదు. ప్రాపర్టీస్‌లో డీటెయిల్స్ తెరిచి, హార్డ్‌వేర్ ఐడీస్ చూశాను: వెన్ (తయారీ కంపెనీ కోడ్) 8086, డెవ్ (పరికరం కోడ్) 0412. 8086 అంటే ఇంటెల్. 1978లో వాళ్లు తెచ్చిన ప్రాసెసర్ నంబరే ఇప్పటికీ కంపెనీ గుర్తు, నాకు భలే నచ్చింది. 0412 అంటే హెచ్‌డీ గ్రాఫిక్స్ 4600, ఇంటెల్ నాలుగో తరం ప్రాసెసర్ లోపలే కలిసి వచ్చేది.

వైఫై డాంగిల్‌కి కూడా డ్రైవర్ లేదు, ఇక నెట్ ఎలా? ఫోన్‌ని కేబుల్‌తో తగిలించి, ఫోన్ నెట్‌ని కంప్యూటర్‌కి ఇచ్చే యూఎస్‌బీ టెథరింగ్ ఆన్ చేశాను. డ్రైవర్ దిగి ఇన్‌స్టాల్ అవుతుండగా స్క్రీన్ ఒక్కసారిగా నల్లబడింది. నాన్న నా భుజం పట్టుకున్నారు. "టైపు చేసిందంతా పోయిందా?" రెండు మూడు క్షణాలు నాకూ టెన్షనే.

స్క్రీన్ మళ్లీ వెలిగింది. అమ్మ బొట్టు గుండ్రంగా ఉంది.

నాన్న కళ్లజోడు తుడుచుకుని కూర్చున్నారు. నోటుపుస్తకంలో వేలు పెట్టి, స్క్రీన్ వంక చూసి, నిన్న రాత్రి టైపు చేసిన "అస్థమానం"లో ఒత్తు చెరిపి "అస్తమానం" చేశారు. తర్వాతి పేజీ తిప్పారు.