సైన్సు గది గోడ మీద వేపచెట్టు

మన బడి సావనీరుకి సినిమా కబుర్లు రాసివ్వమని కమిటీ వాళ్లు ఫోన్ చేశారు. హీరోల సంగతులు కావాలన్నట్టుంది. అవి ఎవరైనా రాస్తారు. నాకు మన లైటు మాస్టారి గురించే రాయాలనుంది.

తొమ్మిది బి. సైన్సు గది కిటికీలన్నిటికీ పాత మ్యాపులు, నల్లబట్ట, ఆఖరికి పెద్దాడి గొంగళి కూడా కట్టించారు. ఒక అట్టకి మాత్రం చిన్న చిల్లు. లోపల కన్ను పొడుచుకున్నా కానరాని చీకటి. "కదలకండర్రా, కళ్లకి అలవాటు కానివ్వండి" అన్నారు. కాసేపటికి సున్నం గోడ మీద మన వేపచెట్టు తేలింది, తలకిందులుగా, రంగులతో సహా. కొమ్మలు ఊగుతున్నాయి. ఇంతలో హెడ్మాస్టారు బెత్తంతో సహా తలకిందులుగా నడిచొచ్చారు. ఆ రోజు మన నవ్వులు బజారు దాకా వినబడ్డాయి.

మాస్టారు మాత్రం తన పనిలో ఉన్నారు. పెన్సిల్‌తో చిల్లు కాస్త పెద్దది చేశారు. బొమ్మకి వెలుగొచ్చింది గానీ అలుక్కుపోయింది. ఇంకో అట్ట పెట్టారు, సూదిమొన చిల్లుది. మసకేసింది గానీ కొమ్మలు విడివిడిగా కనబడ్డాయి. "ఏది కావాలో మీరే తేల్చుకోవాలి" అన్నారు. తర్వాత పూనాలో సినిమా చదువుకి వెళ్లి, ఎపర్చర్ (లెన్స్‌లో వెలుతురు దూరే కంత) పాఠం మొదలుపెట్టిన రోజు నాకు అది తెలిసిన పాఠమే అనిపించింది.

1980లో 'శంకరాభరణం' ఆడినప్పుడు ఊరంతా పాటలే. మాస్టారు నన్ను పిలిచి, "వెలుతురు ఎటు నుంచి వస్తోందో చూశావా?" అని అడిగారు. మళ్లీ వెళ్లి అది ఒక్కటే చూశాను. ఆ సినిమాకి కెమెరా పట్టిన బాలు మహేంద్ర పేరు అప్పుడే మనసులో పడింది.

ఇంటరు, డిగ్రీ సంగతి వదిలేయండి. ఒకప్పటి ప్రభాత్ స్టూడియోలో ఉన్న పూనా ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో సీటొచ్చింది. బాలు మహేంద్ర గారు కూడా 1969లో అక్కడే ఛాయాగ్రహణంలో బంగారు పతకంతో బయటికొచ్చారని తెలిసినప్పుడు కలిగిన గర్వం ఇంకా తగ్గలేదు. తర్వాత మద్రాసులో అసిస్టెంట్‌గా చేరాను. నల్లసంచిలో చేతులు పెట్టి, కళ్లతో పని లేకుండా మ్యాగజైన్‌లో (కెమెరాకి తగిలించే ఫిల్మ్ డబ్బాలో) ఫిల్మ్ ఎక్కించడం. నాలుగు వందల అడుగులంటే నాలుగున్నర నిమిషాలు కూడా రాదు. అందుకే కెమెరా నడుస్తుంటే సెట్లో ఎవరూ దగ్గేవారు కారు.

బాలు మహేంద్ర గారి తమిళ సినిమా 'వీడు' (అంటే ఇల్లు) చూసిన రోజు నా దారి తేలిపోయింది. ఇల్లు కట్టుకోవాలనుకునే మధ్యతరగతి అమ్మాయి కథ, పాటలు లేవు. 1988 నాటి ఆ సినిమాకి దర్శకత్వం, ఛాయాగ్రహణం, కూర్పు మూడూ ఆయనవే. వెలుతురు చూసిన మనిషే ఆ వెలుతుర్ని ఎంతసేపు ఉంచాలో కూడా తేల్చాలని నేను అప్పటి నుంచీ నమ్ముతున్నాను.

ఇది చాలా కష్టమైన పని. కొండరెడ్ల ఊళ్లో తీసిన డాక్యుమెంటరీలో ఒక షాట్ ఉండేది. తెల్లవారుజామున పొగమంచులో వెదురు మోసుకుంటూ ముసలాయన దిగి వస్తాడు. దాని కోసం చలిలో పడిగాపులు పడ్డాం. ఎడిటింగ్ టేబుల్ మీద కూర్చుంటే అది కథని ఆపేస్తోంది. కెమెరామన్‌గా ప్రాణం పెట్టి తీసిన ఆ షాట్‌ని ఎడిటర్‌గా తీసేశాను. సినిమా నిలబడింది. టైటిల్స్‌లో మూడు పనుల కిందా నా పేరే పడితే పక్క సీట్లో మా ఆవిడ చెయ్యి పట్టుకుంది. మాస్టారు కూడా చూసుంటే ఎంత బావుండేదో.

ఒరేయ్ బొబ్బట్టూ, ఇది నీకు. మీ అమ్మాయి నా దగ్గర చేరినప్పుడు ఈ టెన్షన్ తట్టుకుంటుందా అని బెంగపడ్డావు కదా. ఇప్పుడు నేను వెలుతురు కొలిచే మీటర్ బయటికి తీసేలోపే స్టాప్ (ఎపర్చర్ కొలత) ఎంతో చెప్పేస్తోంది. వచ్చే సినిమాకి కెమెరా తనదే. నేను దర్శకత్వం, కూర్పు చూసుకుంటాను.