ఆర్ల్ కమానుల లోపల ఒక ఊరు

దక్షిణ ఫ్రాన్స్‌లో రోన్ నది ఒడ్డునున్న ఆర్ల్ పట్టణానికి నేను వెళ్లింది అక్కడి బహిరంగ క్రీడారంగమైన రోమన్ యాంఫీథియేటర్‌ను చూడడానికే. క్రీస్తుశకం 90 ప్రాంతంలో, రోమ్‌లోని కొలోసియం ఒరవడిలో దీనిని నిర్మించారు. పొడవు సుమారు 136 మీటర్లు. అంతస్తుకు 60 చొప్పున రెండంతస్తుల్లో 120 కమానులు. ఆయుధాలతో తలపడే గ్లాడియేటర్ల పోరాటాలనూ జంతువుల వేటనూ ఇరవై వేల మంది కూర్చుని చూసేవారట.

కింది నడవాలోకి అడుగుపెట్టి తలెత్తితే కమాను కప్పుకు బదులు ఒక స్తంభం నుంచి మరో స్తంభానికి అడ్డంగా పరచిన భారీ రాతి పలకలు కనిపించాయి. వాటి కిందే చాలాసేపు నిలబడిపోయాను.

నన్ను మరింతగా కదిలించింది రోమన్ల తరువాతి కథ. సామ్రాజ్యం కూలి, దాడుల భయం పెరిగినప్పుడు పట్టణవాసులు ఈ గోడల మధ్యకు చేరి, కమానులను మూసి, నాలుగు బురుజులు కట్టి దీనిని కోటగా మార్చుకున్నారు. క్రమంగా లోపల రెండు వందలకు పైగా ఇళ్లు, రెండు చిన్న ప్రార్థనాలయాలు వెలిశాయి. గోడల రాళ్లు కొన్ని పోయినా, మనుషులు కాపురమున్నందువల్లే ఇంత కట్టడం మిగిలిందని నా నమ్మకం. 1825 తరువాత ఆ ఇళ్లన్నింటినీ తొలగించి రోమన్ రూపాన్ని బయటికి తీశారు. పురావస్తు దృష్టితో అది అవసరమే కావచ్చు గానీ, శతాబ్దాల తరబడి సాగిన జనజీవనంలో మూడు బురుజులు తప్ప దాదాపు ఏమీ మిగలకపోవడం నాకు బాధ కలిగించింది. వాటిలో ఒకదాని ఇరుకైన మెట్లెక్కితే ఎర్రటి పెంకుల కప్పులూ వాటికవతల నదీ కనిపించాయి.

1830లో ఇక్కడ ఎద్దుల పోటీ జరిగింది. నాటి నుంచి ప్రాంగణం మళ్లీ జనంతో నిండుతోంది. ఎద్దును చంపే స్పానిష్ పద్ధతి పోటీలు కూడా జరుగుతాయి, వాటిని చూడడానికి నాకు మనసొప్పలేదు. నేను చూసింది ఆర్ల్ దగ్గరి కమార్గ్ ప్రాంతపు ఆట. తెల్లని దుస్తుల్లోని యువకులు చేతిలోని చిన్న కొక్కెంతో ఎద్దు కొమ్ములకు కట్టిన కుచ్చులనూ దారాలనూ లాగేసి, అది తరుముకొస్తుంటే ఒక్క ఉదుటున అడ్డుగోడ దూకుతారు. చిత్తూరు జిల్లా పల్లెల్లో పశువుల పండుగనాడు కొమ్ములకు కట్టిన పలకల కోసం కుర్రాళ్లు ఎగబడే దృశ్యం నా కళ్ల ముందు మెదిలింది. ఆట ముగిశాక ఎద్దు క్షేమంగా మేత బయళ్లకు తిరిగి వెళ్తుంది. పేరుమోసిన ఎద్దులైతే పోటీ ప్రకటనల్లో మనుషుల పేర్ల కంటే వాటి పేర్లే పెద్ద అక్షరాల్లో ఉంటాయి.