ఉస్తాద్ శిష్యులం

డెహ్రాడూన్ అంధుల శిక్షణ కేంద్రంలో నేర్చుకున్న మన కలయిక సంచికకి ఏదో ఒకటి రాయమని కమిటీ తరఫున భీమడోలు తమ్ముడు ఫోన్ చేశాడు. "అన్నయ్యా, రెండు పేజీలు చాలు. లీచీల కేసు మాత్రం తప్పకుండా ఉండాలి" అన్నాడు. లీచీల కేసు నేను రాయను. అందులో ఉన్నవాళ్లు ముగ్గురూ ఈసారి వస్తున్నారట, వాళ్ల నోటితోనే విందాం. వార్డెన్ గారి కుక్క సంగతీ అంతే. నాకు రాయాలని ఉన్నది అక్కడ మనకి పాఠాలు నేర్పిన ఒక్క ఉస్తాద్ గురించే. మిగతావాళ్ల గురించి రాయడానికి మీరంతా ఉన్నారు.

నేను డెహ్రాడూన్ చేరింది 1972 వానాకాలంలో. అంతకుముందు డిసెంబరులో, పాకిస్తాన్ యుద్ధంలో, షకర్‌గఢ్ సెక్టార్‌లో, బసంతర్ నది దగ్గర మా మద్రాస్ సాపర్లం, అంటే సైన్యపు ఇంజనీర్లం, ట్యాంకులకి దారి చేస్తున్నాం. ఆ నేలంతా మందుపాతరలే. నా కళ్లు అక్కడే పోయాయి. ఆస్పత్రి రోజుల గురించి రాయబుద్ధి కావడం లేదు. మాధవరం తిరిగొచ్చాక ఇంట్లో నన్ను మంచం దిగనివ్వలేదు. అమ్మ అన్నం కలిపి ముద్దలు చేసి చేతిలో పెట్టేది. మా ఊళ్లో ఇంటికొకరైనా పట్టాళంలో పనిచేసినవాళ్లే. కాలు పోయినవాడితో ఎలా మసలుకోవాలో ఊరికి తెలుసు. రెండు కళ్లూ పోయిన ఇరవై రెండేళ్లవాణ్ణి ఏం చెయ్యాలో ఎవరికీ తెలియలేదు. మా పెదనాన్న ఒక్కడే, తను పాత యుద్ధంలో ఉన్నప్పుడు విన్న మాట గుర్తుచేసుకుని, "డెహ్రాడూన్‌లో డన్‌స్టన్ అని ఒకటుండేదిరా, చూపు పోయిన సిపాయిలకి" అని రికార్డ్ ఆఫీసుకి ఉత్తరం రాయించాడు.

పెదనాన్న చెప్పిన డన్‌స్టన్ పేరు మారిపోయి చాలాకాలమైంది. అయినా ఉస్తాద్ ఆ పేరే వాడేవాడు. ఆయన ఆ గేటు లోపలికి వచ్చింది ఇటలీ నుంచి. 1944లో కసీనో కొండ దగ్గర షెల్ పేలి కళ్లు రెండూ, కుడిచేతి వేళ్లు రెండూ పోయాయి. పని నేర్చుకుని ఊరికి వెళ్లాల్సినవాడు, నేర్పడానికి అక్కడే ఉండిపోయాడు. మనం చూసేనాటికి యాభై దాటి ఉంటాయి. బూట్ల చప్పుడు మాత్రం పరేడ్‌లో కుర్రాడిదే.

మొదటి రోజు ఆయన నాకు ధైర్యం చెప్పలేదు. పేరడిగాడు, ఏ పల్టన్ అని అడిగాడు. మద్రాస్ సాపర్ అనగానే "అచ్ఛా, తంబీ" అన్నాడు. అక్కడున్నంత కాలం నన్ను అలాగే పిలిచాడు. దోసిలి పట్టమని గుప్పెడు చిల్లర పోశాడు. అంచు వంపులు తిరిగి ఉంటే పది పైసలు. నాలుగు మూలలుంటే అయిదు. ఆరు పలకలుంటే మూడు. పావలా, అర్ధరూపాయి అంచుని గోటితో గీకితే గరుకు తెలుస్తుంది, పరిమాణాన్ని బట్టి ఏది ఏదో పట్టుకోవాలి. గంటసేపు అదే పని. నేను వేరు చేసి పెట్టడం, ఆయన మళ్లీ కలిపేయడం. చివర్లో ముప్పై పైసలు లెక్కపెట్టి ఇమ్మన్నాడు. ఇచ్చాను. "ఇక నిన్ను దుకాణంలో ఎవడూ మోసం చెయ్యలేడు. పద, టీ నువ్వే కొను" అన్నాడు. కళ్లు పోయాక నా చేత్తో నేను డబ్బిచ్చి కొన్న మొదటి వస్తువు ఆ టీ. ఇద్దరికీ నేనే ఇచ్చాను.

కర్ర పాఠం మీకందరికీ గుర్తుండే ఉంటుంది. కుడికాలు ముందుకి పడుతుంటే కర్ర కొన ఎడమవైపు తాకాలి, ఎడమకాలు పడుతుంటే కుడివైపు. అంటే తర్వాతి అడుగు ఎక్కడ పడబోతుందో ఆ చోటుని కర్ర ముందే చూసి వస్తుంది. ఈ పద్ధతి కూడా చూపు పోయిన సిపాయిల కోసం పుట్టిందే. రెండో ప్రపంచ యుద్ధం నుంచి అలా తిరిగొచ్చినవాళ్ల కోసం అమెరికాలో వ్యాలీ ఫోర్జ్ సైనిక ఆస్పత్రిలో హూవర్ అనే ఆయన తయారుచేశాడు. ఆ పేరు ఉస్తాద్ ఎంత భక్తిగా పలికేవాడో! మనవాళ్లు దాన్ని "హోవర్ మంత్రం" చేసి, మెస్‌కి వెళ్లేటప్పుడు జపించేవాళ్లు.

రాజ్‌పూర్ రోడ్డు మీద ఆయన మనల్ని పిక్కలతో నడిపించాడు. ఘంటాఘర్ వైపు పల్లం, ముస్సోరీ వైపు ఎత్తు. దారి తప్పామనిపిస్తే ఆగి, పాదం ఎటు వాలుతోందో చూసుకోమనేవాడు. వాన పడితే చెవులని నమ్మొద్దనేవాడు. వానలో చప్పుళ్లన్నీ కలిసిపోతాయి, గోడ దగ్గరుందో దూరంగా ఉందో తెలియదు, అప్పుడు కర్రా పాదాలే దిక్కు. బేకరీలో రస్కులు కాలుతున్న వాసన వస్తే మలుపు దగ్గరికొచ్చినట్టు. చెయ్యి పట్టుకుని దాటిస్తానని ఎవరైనా ముందుకొస్తే ఉస్తాద్ తన మోచెయ్యి వెనక్కి లాక్కుని, ఆ మనిషి మోచేతిని తను పట్టుకునేవాడు. "నేను పట్టుకుంటే నడుస్తున్నది నేను. అతను పట్టుకుంటే నేను సామాను" అనేవాడు.

బ్రెయిలీ దగ్గర నాకు చాలా కష్టమైంది. కుడిచేతి చూపుడువేలి కొన కాలి, చర్మం మొద్దుబారి ఉంది. చుక్కలు తగిలేవి గానీ ఎన్నో తెలిసేది కాదు. ఉస్తాద్ నా పది వేళ్లనీ ఒక్కొక్కటిగా ఒకే అక్షరం మీద పెట్టించి, ఏ వేలికి స్పష్టంగా తెలుస్తోందో కనిపెట్టాడు. ఎడమచేతి ఉంగరపు వేలు. ఇప్పటికీ నేను చదివేది దాంతోనే. ఆయనకి తెలుగు ముక్క రాదు. అయినా నాకు తెలుగు చదవడం నేర్పాడు! దేశభాషలన్నిటికీ ఒకే చుక్కల పద్ధతి 1951లో ఖరారైంది కదా, హిందీ క ఏదో తెలుగు క కూడా అదే, ఒకటీ మూడూ చుక్కలు. ఆయన హిందీ వరసలో చెప్పుకుంటూ పోయాడు, నేను తెలుగులో చదువుకుంటూ పోయాను. హిందీలో లేని హ్రస్వాలు, ఎ, ఒలు మాత్రం మనం రేడియో అని పిలిచే నేస్తం నేర్పాడు, రాత్రి దుప్పట్లో. ఆ దుప్పటి సంగతి రేడియోనే చెప్పాలి.

ప్రతి బ్యాచికీ ఉస్తాద్ ఒక కథ చెప్పేవాడు, మెకంజీ సాబ్ కథ. నా బ్యాచికి డిసెంబరు చలిలో, బొగ్గుల కుంపటి చుట్టూ కూర్చోబెట్టి చెప్పాడు. క్లూథా మెకంజీది న్యూజిలాండ్. మొదటి ప్రపంచ యుద్ధంలో, టర్కీలోని గల్లిపోలిలో చునుక్ బెయిర్ అనే గుట్ట మీద 1915 ఆగస్టులో కళ్లు పోయాయి, అప్పటికి ఇరవై ఏళ్లు. లండన్‌లో ఆర్థర్ పియర్సన్ అదే సంవత్సరం, చూపు పోయిన సిపాయిల కోసం సెయింట్ డన్‌స్టన్స్ పెట్టాడు. పియర్సన్ పత్రికల యజమాని, ఆయనకీ చూపు పోయింది. మెకంజీ అక్కడ నేర్చుకుని, సొంత దేశం వెళ్లి అంధుల సంస్థ నడిపి, 1943లో డెహ్రాడూన్‌లో మన సిపాయిల కోసం ఈ చోటు తెరిచాడు. ఇదంతా చెప్పి ఉస్తాద్ ఒక మాట అన్నాడు: "నన్ను ఇక్కడికి తెచ్చినప్పుడు రోజంతా ఏడ్చేవాణ్ణి. పెద్దసాబ్‌కి కూడా కళ్లు లేవని తెలిశాక, ఆయన ముందు ఏడవడానికి సిగ్గేసింది."

నాకూ అదే జరిగింది. కళ్లున్నవాళ్లు ఎంత ప్రేమగా చెప్పినా నాకు చెవికెక్కలేదు. ఇటలీలో కళ్లు పోయినవాడు నా ముందే గడ్డం గీసుకుంటూ, గీసిన చోట రెండోచేత్తో తడుముకుంటూ, ఇంకా ఎక్కడ గరుకుందో చూసుకుంటుంటే, ఆ చప్పుడు విన్నాక నమ్మకం కుదిరింది.

1950లో ఈ చోటుని సర్కారు తీసుకుని వయోజన అంధుల శిక్షణ కేంద్రం చేశాక సివిల్ వాళ్లూ రావడం మొదలైంది. మనలో ఎక్కువమంది అలా వచ్చినవాళ్లే. ఫౌజీలు, సివిల్ అని క్రికెట్ జట్లు కట్టి కొట్టుకున్నాం గానీ, ఉస్తాద్‌కి ఆ తేడా లేదు. పుట్టుచూపు లేని నిడదవోలు అబ్బాయి రోడ్డు దాటుతుంటే ఆయనే నన్ను ఆపి, "విను, ఎంత బాగా వింటున్నాడో. అతని దగ్గర నేర్చుకో" అన్నాడు. కుర్చీలకి కేన్ అల్లడం నాకు ఆ అబ్బాయే నేర్పాడు.

తర్వాత టెలిఫోన్ ట్రైనింగు, ఉద్యోగం, పెళ్లి. ఒక బ్యాంకు ఆఫీసులో చేరిన కొత్తలో టెలిఫోన్ బోర్డు నా చేతికివ్వడానికి భయపడి కొన్నాళ్లు ఖాళీగా కూర్చోబెట్టారు. ఇచ్చాక మళ్లీ రిటైరయ్యేదాకా ఆ సీటు నాదే. ఏ లైను మీద షట్టర్ పడిందో చప్పుడుని బట్టి చెప్పేవాణ్ణి. నంబరు కావాలంటే ఆఫీసర్లు డైరీ తియ్యడం మానేసి నన్నే అడిగేవాళ్లు. తాడేపల్లిగూడెంలో ఇల్లు కట్టాం. మేస్త్రీ పని అయ్యాక గోడలన్నీ తడిమి, వంటింట్లో ఒక మూల పూత సరిగా లేదని చెప్పి మళ్లీ పూయించాను. అమ్మాయి లెక్చరర్. అబ్బాయి నా పల్టన్‌లోనే సుబేదార్‌గా చేసి వచ్చాడు. అమ్మ చివరి రోజుల్లో అన్నం కలిపి ముద్దలు పెట్టింది నేను. ఈ మాట రాయగలిగినందుకు నాకెంతో గర్వంగా ఉంది.

ఉస్తాద్ పోయిన కబురు నాకు ఆలస్యంగా తెలిసింది. అప్పటికే శ్రీలంక నుంచి మన కుర్రాళ్లు గాయాలతో వస్తున్నారు. అలా చూపు పోయిన ఒకడు మా జిల్లావాడే. ఎవరో చెబితే వాళ్లింటికి వెళ్లాను. వాళ్లమ్మనీ నాన్ననీ కాసేపు అరుగు మీద కూర్చోమని, తలుపు వేసి, వాడి దోసిట్లో చిల్లర పోశాను. కార్గిల్ తర్వాత ఇంకో ఇద్దరి దగ్గరికి వెళ్లాను. ఇప్పటి నాణేలతో ఆ పాఠం కష్టం, మూలలూ వంపులూ దాదాపుగా పోయాయి. నోట్లు కూడా పొడవులో కొద్ది తేడాతోనే ఉంటున్నాయి. 2020లో రిజర్వ్ బ్యాంకు మణి అనే యాప్ తెచ్చింది, ఫోన్ ముందు నోటు పెడితే ఎంతో చెబుతుంది. మంచిదే. అయినా వేళ్ల మధ్య కొలవడం నేను ఇంకా నేర్పుతూనే ఉన్నాను. ఛార్జింగ్ అయిపోయిన రోజున కూరలు కొనుక్కోవాలి కదా.

ఈసారి విశాఖ కలయికకి శ్రీకాకుళం నుంచి ఒక కుర్ర జవాను వస్తున్నాడు. ఐఈడీ పేలుడులో చూపు పోయింది. డెహ్రాడూన్‌లో నేర్చుకుని ఈమధ్యే తిరిగొచ్చాడు. స్టేషన్ నుంచి ఆటోలో జగదాంబ జంక్షన్ దాకా వచ్చి, అక్కడి నుంచి తనే నడుస్తానన్నాడు. మలుపులన్నీ ఫోన్లో చెప్పాను. కమిటీ వాళ్లెవరూ ఎదురువెళ్లి చెయ్యి పట్టుకోవద్దని నా మనవి. భోజనాల్లో మాత్రం రేడియో పక్కన చోటివ్వండి. అబ్బాయికి ఎ, ఒలు ఇంకా రాలేదట.