జాక్ పేన్ రికార్డు: ఊగడం ఇంకా ఆగలేదు

నాలుగో ఆదివారం కూడా దీనికే పోయింది. కొలంబియా లేబుల్ 78 (నిమిషానికి 78 చుట్లు తిరిగే పాత రికార్డు), జాక్ పేన్ బీబీసీ డ్యాన్స్ ఆర్కెస్ట్రాని నడిపిన రోజులది (1928-32). మొదట్లో బాగానే ఉంటుంది. ముల్లు లోపలికి వెళ్లేకొద్దీ పేన్ గొంతు పైకీ కిందికీ ఊగుతుంది. ఇందులో పాడిందీ ఆయనే. సాగదీసిన ప్రతి స్వరం దగ్గరా ప్రాణం ఉసూరుమంటోంది.

ముందు స్పీడు మీద అనుమానపడ్డాను. 77 గీతల స్ట్రోబ్ డిస్కు (కరెంటుతో పాటు మిణుకుమనే వెలుగులో గీతలు నిలబడితే స్పీడు సరి) పెడితే ఎల్‌ఈడీ వెలుగులో ఏమీ తేలలేదు. పాత ఫిలమెంట్ బల్బు తెచ్చి వెలిగించాక గీతలు కదలకుండా నిలబడ్డాయి. మన 50 హెర్ట్జ్ కరెంటు మీద అది నిమిషానికి 77.92 చుట్లు, అంటే స్పీడు సరిగ్గానే ఉంది. రికార్డు వంగిందా అని అద్దం మీద పరిచాను, ఎక్కడా సందు లేదు. ఆడాసిటీ అనే ఆడియో సాఫ్ట్‌వేర్‌లో కొలిస్తే ఊపు 0.77 సెకనుకి ఒకటి, సరిగ్గా ఒక చుట్టుకి ఒకటి. అప్పుడు అర్థమైంది, రికార్డు రంధ్రం సరిగ్గా మధ్యలో లేదు. ముల్లుని మోసే టర్న్‌టేబుల్ చేయి కింద గ్రాఫ్ పేపర్ ముక్క పెట్టి చూస్తే అటూ ఇటూ కలిపి 2 మి.మీ. కదులుతోంది, అంటే 1 మి.మీ. తేడా. బయటి గాడి దగ్గర, 120 మి.మీ. వ్యాసార్థంలో, దానివల్ల శ్రుతి ఊగేది అటూ ఇటూ 0.8 శాతమే. లోపల 60 మి.మీ. దగ్గర 1.7 శాతం, పైనుంచి కిందికి అర స్వరస్థానం పైమాటే! సాఫ్ట్‌వేర్‌తో సరిచేయబోతే ట్రాంబోన్ల సహజమైన వణుకు కూడా చెరిగిపోయింది. ఆ దారి నాకు నచ్చలేదు.

రెండో వైపు మాత్రం శుభ్రంగా వచ్చింది. 78లకి కావలసిన 3 మిల్ (అంగుళంలో వెయ్యో వంతు ఒక మిల్) ముల్లుకి ఆడియో టెక్నికా వీఎం95ఎస్పీ కార్ట్రిడ్జ్ చాలు, అంతకన్నా ఖర్చు పెట్టక్కర్లేదు. ఆ కాలపు కొలంబియా రికార్డుల్లో గరగర తక్కువ, అందుకే నాకు ఇష్టం.

ఇంత పట్టుదల ఎందుకంటే, 1932లో పేన్ బీబీసీ వదిలాడు. ఆ కుర్చీలోకి హెన్రీ హాల్ వచ్చాడు. పేన్ అదే ఏడాది తన సిగ్నేచర్ ట్యూన్ పేరుతోనే వచ్చిన ‘సే ఇట్ విత్ మ్యూజిక్’ సినిమాలో నటించాడు, 1936లో ‘సన్‌షైన్ అహెడ్’లో. నాలుగేళ్లు రేడియోలో గొంతు విన్న జనం తెర మీద మనిషిని చూశారు. ఆ గొంతుని సరైన శ్రుతిలో వినాలి నాకు.

రంధ్రాన్ని ఆకురాయితో పెద్దది చేయమని సలహా వచ్చింది. నా దగ్గరున్నది ఒక్కటే కాపీ, ఆ పని చేయను. రికార్డు రంధ్రంలో దూరే మధ్య పుల్ల ఊడదీయగలిగే టర్న్‌టేబుల్ కోసం చూస్తున్నాను. దొరికితే పుల్ల తీసేసి, టర్న్‌టేబుల్ చేయి ఊగకుండా నిలిచేదాకా రికార్డుని చేత్తోనే జరుపుతాను. ఆ తర్వాత హెన్రీ హాల్ రికార్డుల పెట్టె తెరవాలి.