ఆకు తిరగేసి చూడటం నేర్చుకున్న వానాకాలం

ఎంఎస్సీ బోటనీ చివరి ఏడాది ప్రాజెక్టుకి నేను ఫెర్న్‌లు, అంటే పువ్వులు పూయని ఆకు మొక్కలు, తీసుకున్నాను. మాది విజయనగరం జిల్లా శృంగవరపుకోట దగ్గర పల్లె. శివరాత్రికి పుణ్యగిరి మెట్లెక్కి ధారలో స్నానం చేసి రావడం మా ఇంట్లో ఏటా ఉన్నదే. ఆ తడి బండల మీద పెరిగే మొక్కల్ని పేర్లతో పలకరించాలని నాకు ఎప్పటినుంచో కోరిక.

జులైలో ముసురు పట్టిన రోజుల్లో మొదటిసారి వెళ్లాను. నాలుగు విడతల్లో 31 నమూనాలు తెచ్చాను. పాత న్యూస్ పేపర్ల మధ్య పరిచి, పైన సన్నికల్లు బరువు పెట్టాను. వానాకాలంలో రోజూ పేపర్లు మార్చకపోతే బూజు పట్టేస్తుంది. అమ్మ ఆ తడి పేపర్లన్నీ పొయ్యి పక్కన ఆరబెట్టి ఇచ్చేది.

మా గైడ్ మేడం ఒక్కొక్కటీ తిప్పి చూసి, "కొమ్ము (భూమిలో ఉండే కాండం) ఏదమ్మా? కాడ అడుగు భాగం ఏది?" అన్నారు. నేను ఆకులు పైనుంచి కత్తిరించి తెచ్చాను. చాలా వాటికి వెనకవైపు సోరస్‌లు, అంటే సిద్ధబీజాల (స్పోర్‌ల) సంచుల గుంపులు, లేవు. 31లో 9 మాత్రమే పనికొచ్చాయి. ఆ సాయంత్రం బస్సులో ఏడుపు ఆగలేదు. నెలన్నర కష్టం, పైగా సబ్మిషన్ టెన్షన్.

ఫెర్న్‌కి పువ్వు లేదు, కాయ లేదు. అందుకే దాని గుర్తులన్నీ మనం మామూలుగా చూడని చోట ఉంటాయి. భూమిలో ఉండే కొమ్ము పాకేదా, నిలువుగా ఉండేదా, దాని మీద పొలుసులా, నూగా. ఆకు వెనక గోధుమరంగు చుక్కల్లా కనిపించే సోరస్‌లు గుండ్రమా, గీతలా, అంచునా, ఈనె మీదా. వాటిని కప్పే ఇండూసియం పొర ఉందా లేదా. ఆకు రూపం మాత్రం మోసం చేస్తుంది. అసలు సంబంధం లేని రెండు కుటుంబాల్లో ఒకేలాంటి ఆకు ఉండొచ్చు.

సెప్టెంబర్ చివర్లో చిన్న గునపం, పాలిథిన్ సంచులు పట్టుకుని మళ్లీ వెళ్లాను. సోరస్‌లు ముదిరే సమయం అది. ఎక్కువగా ఉన్న చోట ఒక్క మొక్కే తీయాలి, ఒంటరిగా కనిపిస్తే ఫోటోతో సరిపెట్టుకోవాలి అని నియమం పెట్టుకున్నాను. కట్టెలమోపుతో దిగుతున్న ఒక ముసలమ్మ ఆగింది.

"ఏటమ్మా, ఏర్లతో సహా పీకేస్తన్నావు? మందుకేటి?"

"పేరు తెలుసుకోడానికి మామ్మా."

"అయితే ఆ గెడ్డ దిగు. నల్లకాడది ఉంటాది అక్కడ."

మోపు దించి తనే దారి చూపించింది. గెడ్డ ఒడ్డున మట్టి గోడకి వేలాడుతూ ఉంది అడియాంటం ఫిలిప్పెన్స్. నల్లగా, నున్నగా, తల వెంట్రుకలా మెరిసే కాడ. ఆవిడ చెప్పిన 'నల్లకాడ' అడియాంటం ప్రజాతిని (దగ్గరి జాతుల గుంపుని) గుర్తుపట్టే మొదటి లక్షణం. ఆకు కొస సాగి నేలని తాకిన చోట కొత్త మొక్క లేచింది, అలా అడుగులేసుకుంటూ పోతుంది. లెన్స్ పెట్టి పత్రకం (ఆకులోని చిన్న రెక్క) అంచు చూశాను. అంచు వెనక్కి మడిచి ఉంది. సూదితో ఆ మడత విప్పితే సిద్ధబీజాశయాలు (సిద్ధబీజాల సంచులు) ఆ మడతకే లోపలివైపు అంటుకుని ఉన్నాయి. టెరిస్ అనే ఇంకో ప్రజాతిలో కూడా అంచు మడిచే ఉంటుంది, కానీ అక్కడ సిద్ధబీజాశయాలు ఆకు మీదే ఉంటాయి. ఇంత చిన్న తేడాతో ఏ ప్రజాతో తేలిపోయింది.

టెరిస్ విట్టేటా కోసం కొండ ఎక్కక్కర్లేదు. మా పాత నుయ్యి సున్నపు గోడ పగుళ్లలోనే ఉంది, దానికి సున్నం అంటే అంత ఇష్టం. నేలలోని ఆర్సెనిక్‌ని పీల్చి ఆకుల్లో పెద్ద మొత్తంలో దాచుకుంటుందని 2001లో ఫ్లోరిడా శాస్త్రవేత్తలు కనుక్కున్నది ఈ మొక్క గురించే.

నన్ను రెండు వారాలు తిప్పలు పెట్టింది క్రిస్టెల్లా అనే ఫెర్న్. కాడని అడుగున బ్లేడుతో అడ్డంగా కోస్తే రెండు పట్టీల్లా నాళికాపుంజాలు (నీళ్లు, ఆహారం మోసే నాళాల కట్టలు) కనిపించాయి. థెలిప్టెరిడేసీ కుటుంబమని ధైర్యం వచ్చింది. ఇక జాతి డెంటేటానా, పారసైటికానా? డెంటేటాలో కింది పత్రకాలు క్రమంగా చిన్నవవుతాయి. పారసైటికాలో పెద్దగా తగ్గవు, ఆకు వెనక ఈనెల మీద నారింజరంగు గ్రంథులుంటాయి. జులైలో నేను కొండ మీదే వదిలేసి వచ్చింది సరిగ్గా ఆ కింది పత్రకాల్నే! కొత్త నమూనాల్లో రెండు జాతులూ దొరికాయి.

ఆ పనిలోనే ఒక రాత్రి మైక్రోస్కోప్ కింద చూసినది నేను మరిచిపోలేను. సిద్ధబీజాశయం మీద మందపాటి గోడల కణాల వరుస ఒకటి ఉంటుంది, యాన్యులస్ అంటారు. దీపం వేడికి స్లైడ్ ఆరుతుంటే అది మెల్లగా వెనక్కి వంగింది. వంగి వంగి ఒక్కసారిగా టప్పున ముందుకి కొట్టింది. సిద్ధబీజాలు చెదిరిపోయాయి. వడిసెల విసిరినట్టే. అమ్మని లేపి మరీ చూపించాను.

వర్గీకరణ చాప్టర్ రాయడం ఇంకో పని. ఇంటర్‌లో మేం సైలాప్సిడా, లైకాప్సిడా, స్ఫీనాప్సిడా, టీరాప్సిడా అని నాలుగు తరగతులు చదివాం. 2016లో టెరిడోఫైట్ ఫైలోజెనీ గ్రూప్ అనే శాస్త్రవేత్తల బృందం ఇచ్చిన వర్గీకరణలో తరగతులు రెండే. డీఎన్‌ఏ ఆధారాలతో సైలోటం, ఈక్విసీటం రెండూ ఫెర్న్‌లలోకే వచ్చేశాయి. సెలాజినెల్లా, లైకోపోడియం వేరే తరగతి. ఆ వర్గీకరణలో రెండు తరగతులూ కలిపి లెక్క 11,916 జాతులు. బండ పగుళ్లలో నాకు దొరికిన సెలాజినెల్లాని అందుకే ఫెర్న్‌ల పక్కన వేరే విభాగం పెట్టి రాశాను. కొందరు పాత పద్ధతే సులువంటారు. చుట్టరికం ఎలా ఉందో అలాగే రాయాలని నాకు అనిపిస్తుంది.

చివరి నమూనా మా నాన్న తెచ్చారు. వరిమడిలో నీళ్లు తీసేశాక నాలుగు రెక్కల ఆకు మొక్కని వేళ్లతో సహా పట్టుకొచ్చి, "ఇది కూడా నీదేనా?" అన్నారు. మార్సీలియా, ఇదీ ఫెర్నే. కాడ మొదట్లో మిరియపు గింజంత గట్టి కాయలు. కాయలు కావవి, లోపల రెండు రకాల సిద్ధబీజాలుంటాయి. మడి ఎండినా ఏళ్ల తరబడి ప్రాణంతో ఉంటాయి. గోరుతో నొక్కి చూసి, "రాయిలా ఉందే" అన్నారు నాన్న.

మొత్తం 23 షీట్లు సబ్మిట్ చేశాను. ఒకదాని మీద టెక్టేరియా అని ప్రజాతి పేరు మాత్రమే ఉంది. దానికి సోరస్‌లు దొరకలేదు. జాతి పేరు ఊహించి రాయొద్దు, ఖాళీ వదిలెయ్యమన్నారు మేడం. అది పెరిగే బండ పక్క చెట్టుకి ఎర్ర దారం కట్టి వచ్చాను.